మిగిలిన ఆరుగురిలో ఒకడు

శతాయుష్షును దీవెనగా ఇవ్వడం మన ఆచారం. ఆ దీవెన ఫలించినవాడు ఆ నూరేళ్లతో ఏమి చేయాలన్నది మాత్రం ఎవరూ చెప్పరు. జపాను దర్శక నిర్మాత కానెతో షిందో జీవితం అందుకు ఒక సమాధానమని నాకు తోస్తుంది. ఆయన 1912 ఏప్రిల్‌లో హిరోషిమా ప్రాంతంలో జన్మించి, 2012 మే నెలలో, నూరేళ్లు నిండాక కన్నుమూశారు.

1934లో ఫిల్ములు కడిగే గదిలో కూలిగా చిత్రసీమలో అడుగుపెట్టారు. కళావిభాగంలో పనిచేశారు. రచయిత కావాలని వ్రాసి చూపిస్తే, ఇది కథాసంగ్రహమే గాని నాటకం కాదని గురుతుల్యుడైన మిజోగుచి త్రోసిపుచ్చారు. శిష్యుడు అలగలేదు, ప్రపంచ నాటకాలు ముందు పెట్టుకొని చదవడానికి కూర్చున్నాడు. 1950లో మిత్రులతో కలిసి స్వతంత్ర నిర్మాణ సంస్థ నెలకొల్పి, మరుసటి ఏడు దర్శకుడయ్యాడు. గగుర్పాటు కలిగించే 'ఒనిబాబా' (1964) తీసినదీ, యజమాని కోసం ఎదురుచూసిన కుక్క హచికో కథను 1987లో తెరకు వ్రాసినదీ ఈయనే.

ఇంత వైవిధ్యానికీ అడుగున ఒకే వేదన ఉంది. 1944లో ఆయనను నౌకాదళంలోకి పిలిచారు. ఆ దళంలో వందమంది. ఎవరు ఎక్కడికి పోవాలో పైవారు చీట్లు తీసి తేల్చారు. యుద్ధం ముగిసేసరికి మిగిలినది ఆరుగురు. వారిలో షిందో ఒకరు.

1952లో తీసిన 'హిరోషిమా బాలలు' చిత్రంలో ఒక ఉపాధ్యాయిని బాంబు పడిన కొన్నేళ్లకు ఆ నగరానికి తిరిగివచ్చి, బ్రతికి ఉన్న తన శిష్యులను వెదుకుతూ ఇంటింటికీ తిరుగుతుంది. బడిలో హాజరు పిలుస్తూ జీవితం గడిపిన నాకు ఆమె నడక బాగా తెలుసు. పేరు పిలిచిన తరువాత బదులు రాని ఆ క్షణం ఎంత దీర్ఘమైనదో ప్రతి పంతులూ ఎరుగును.

1960 నాటి 'నగ్న ద్వీపం'లో సంభాషణలే లేవు. నీరు లేని దీవిపై భార్యాభర్తలు పక్క దీవినుండి పడవలో మంచినీళ్లు తెచ్చి, కావడి మోసి మొక్కలకు పోస్తారు. పెద్దకొడుకు చనిపోతాడు. తల్లి నీళ్లు నేలపై ఒలకబోసి, మొక్కలు పెరికి విలపిస్తుంది; పిదప లేచి మళ్లీ నీళ్లు పోస్తుంది. ధ్వని అంటే ఏమిటో ఏళ్లతరబడి పాఠం చెప్పాను. ఇంతకన్న మంచి ఉదాహరణ నాకు దొరకలేదు. 1961లో మాస్కో ఉత్సవంలో ఈ చిత్రం అగ్రబహుమతిని పంచుకుంది.

చివరి చిత్రం 'పోస్టుకార్డు' 2010లో వచ్చింది. చీటీ వలన బ్రతికిన సైనికుడు, చనిపోయిన మిత్రునికి భార్య వ్రాసిన జాబును తిరిగి ఆమెకు అందించడానికి వెళతాడు. అప్పుడు షిందో వయస్సు 98. అరవై అయిదేళ్లుగా మోసిన ఋణమది.

మిత్రులారా, 'నగ్న ద్వీపం' లభిస్తే చూడండి. మాటలు లేవు గనుక అనువాదం అక్కరలేదు.