చెవులపిల్లీ, కొత్తిమీర కట్టా

కుందేలంటే క్యారెట్. మనందరికీ కార్టూన్లు నేర్పిన పాఠం ఇదే కదా! నేనూ పోయిన సంక్రాంతిదాకా అదే నమ్మాను.

హైదరాబాదులో నేనో తెల్ల కుందేలును పెంచుతున్నాను. పండక్కి దాన్ని ఎవరికీ అప్పజెప్పలేక, బుట్టలో పెట్టుకుని మా ఊరు మహానంది తీసుకెళ్ళాను. మా అవ్వకు అదంటే ఒకటే మురిపెం. "చెవులపిల్లి బక్కచిక్కింది, తిండి పెడతాండవా లేదా?" అని నన్ను తిట్టి, తనే పెట్టడం మొదలెట్టింది. మహానందిలో అరటిపళ్ళకు కొదవేముంది? పొద్దున ఓ పండు, మధ్యాహ్నం క్యారెట్, సాయంత్రం క్యాబేజీ. నేనేమో ప్రొడక్షన్ సపోర్ట్ అంటూ లాప్‌టాప్‌లో తల దూర్చి పట్టించుకోలేదు.

మూడోరోజు అది మూలన ముడుచుకుని కూర్చుంది. తిండి ముట్టలేదు, పెంటికలూ వేయలేదు. నంద్యాలకు పరుగెత్తాం. పశువుల డాక్టరు చూసి, "రేపొద్దాం అనుకునుంటే దక్కేది కాదు" అన్నాడు. మనకు పడకపోతే వాంతి చేసుకుంటాం. కుందేలుకు ఆ అదృష్టం లేదు, అసలు కక్కలేదు. తీపి ఎక్కువైతే కడుపులోని మంచి బాక్టీరియా దెబ్బతిని, గ్యాస్ పట్టి, పేగుల కదలికే ఆగిపోతుంది. 12 గంటలు తినకపోతే ఎమర్జెన్సీ కిందే లెక్క.

నాలుగు రోజులకు కోలుకుంది. "నా చేతుల్తోనే సంపేదాన్ని గదరా" అని అవ్వ ఒకటే ఏడుపు. తప్పు ఆమెది కాదు, చెప్పాల్సిన నేను చెప్పలేదు.

ఆనాటి నుంచి పద్ధతి ఇదీ. ప్రధానమైన తిండి గరిక, ఎండుగడ్డి. పైన గుప్పెడు కొత్తిమీర, పుదీనా, క్యారెట్ ఆకు. క్యారెట్, అరటిపండు ఎప్పుడన్నా ఒక చిన్న ముక్క, అంతే. ఉల్లి, వెల్లుల్లి, బంగాళదుంప అసలొద్దు. కొత్త ఆకు ఏదైనా ఒక్కటే, కొంచెమే పెట్టి ఒకరోజు చూడాలి. ఒకేసారి నాలుగు మార్పులు ప్రొడక్షన్‌లోకి తోస్తే బగ్ ఎక్కడుందో తెలీదు కదా :) ఆకులు కట్ట విప్పి, పండినవీ కుళ్ళినవీ ఏరేసి, ధారగా పారే నీళ్ళలో విడివిడిగా కడగాలి. సబ్బు వాడకూడదు.

కడిగితే చాలనుకున్నాను. తిరిగొచ్చే ముందు చిన్నాయన కొత్తిమీర మడిలో చెయ్యి పెట్టబోతే ఆపాడు. "అది వద్దురా, మొన్ననే మందు కొట్టినాం. ఆ చివరి మడి కోసుకో, అది ఇంటికి." కొన్ని మందులు ఆకు లోపలికే ఇంకిపోతాయట, ఎంత కడిగినా పోవు. మందు కొట్టాక ఇన్ని రోజులు ఆగి కొయ్యాలని డబ్బా మీదే ఉంటుంది.

"మరి ఈ మడి?" అన్నాను.

"రేపు మార్కెట్టుకు పోతాది."

ఇంకేం అడగలేదు. ఇప్పుడు హైదరాబాదు బాల్కనీలో రెండు కుండీల్లో ధనియాలు చల్లాను. వచ్చేది కుందేలుకే సరిపోతుంది.

నా చారులోకి మాత్రం మార్కెట్ కట్టే.