బొడ్రాయి నుంచి ఎంత దూరం?

ప్రయాణాల్లో నాకొక దురలవాటు ఉన్నది. పక్కనున్నవారు కబుర్లు చెప్పుకుంటూ ఉంటే నేను రోడ్డు పక్క రాళ్ళు లెక్కపెడుతూ కూర్చుంటాను. మా ఆవిడ దీన్ని 'రాళ్ళ పిచ్చి' అంటుంది. ఆ పిచ్చి నాకు పదేళ్ళ వయసులో, భువనగిరి రోడ్డు మీద పట్టుకున్నది.

1960లో మా అక్కను భువనగిరి దగ్గర ఒక పల్లెకు ఇచ్చారు. సంబంధం ఖాయం చేసుకునే ముందు అమ్మ అడిగింది ఒక్కటే మాట: "ఎంత దూరం?"

"హైదరాబాదు నుంచి భువనగిరి ముప్ఫయి మైళ్ళు. అక్కడినుంచి రెండు కోసులు" అన్నాడు నాన్న.

ముప్ఫయి మైళ్ళయితే పొద్దున పోయి మాపటికి రావచ్చునని అమ్మ తలూపింది. అది మొదలు నెలకొకసారి ఎవరో ఒకరం బస్సెక్కేవాళ్ళం. కిటికీ పక్కన కూర్చుని మైలురాళ్ళు లెక్కపెట్టడం నా ఉద్యోగం.

1956లో మన దేశంలో మెట్రిక్ కొలతల చట్టం వచ్చింది. దాని వెంట నెమ్మదిగా తూకంరాళ్ళూ మారాయి, మైలురాళ్ళూ మారాయి. ఒకనాడు భువనగిరికి బయలుదేరిన అమ్మ, ఊరు దాటగానే కొత్త రాయి మీద అంకె చూసి బస్సులోనే నాన్న మీద విరుచుకుపడింది. "ముప్ఫయి అని చెప్పి పిల్లనిప్పించారు. ఇక్కడ నలభై ఎనిమిది అని రాసి ఉన్నదేం?" ఊరు జరగలేదనీ, కొలబద్ద మారిందనీ నాన్న ఎంత చెప్పినా వినలేదు. అమ్మ లెక్కలో అక్క పద్ధెనిమిది దూరం జరిగిపోయింది, అంతే!

ఇదంతా మొన్న మళ్ళీ గుర్తుకు వచ్చింది. బావ పోయి రెండేళ్ళయింది. పిల్లలు సముద్రాల అవతల ఉన్నారు. ఎనభై దాటిన అక్క ఆ పెద్ద ఇంట్లో ఒంటరిది. ఎట్లాగైనా ఒప్పించి హైదరాబాదు తీసుకువద్దామని గది సిద్ధం చేసి, మా ఆవిడనూ మనవణ్నీ వెంటబెట్టుకుని కారులో బయలుదేరాను.

ఉప్పల్, ఘట్‌కేసర్, బీబీనగర్. వరంగల్లు పోయే ఈ బాటను ఒకప్పుడు 202వ నంబరు జాతీయ రహదారి అనేవారు, ఇప్పుడది 163. మనవడికి రాళ్ళ రంగులు నేర్పాను. తలకు పసుపురంగు ఉంటే జాతీయ రహదారి. ఆకుపచ్చ ఉంటే రాష్ట్ర రహదారి. నారింజరంగు ఉంటే పల్లె బాట. వాడు చప్పున పట్టుకుని, "తాతా, కిలోమీటరు రాయిని మైలురాయి అంటారెందుకు?" అన్నాడు. సమాధానం చెప్పేలోగా భువనగిరి గుట్ట కనబడ్డది.

ఆ గుట్టను మొదటిసారి చూసేవారు మాట మాని చూడవలసిందే. ఏదో మహాకాయం పక్షి గుడ్డు పెట్టి మరిచిపోయినట్టు, ఐదు వందల అడుగులకు పైబడిన ఒకే బండ. పడమటి చాళుక్యరాజు త్రిభువనమల్ల విక్రమాదిత్యుడు దానిమీద కోట కట్టించాడనీ, ఆయన పేరనే త్రిభువనగిరి అయిందనీ చెబుతారు. ఆయన 1076 నుంచి 1126 దాకా ఏలినవాడు. గోలకొండకూ ఓరుగల్లుకూ నడుమ నిలిచిన ఈ బండ ఎవరి చేతిలో ఉంటే బాట కూడా వారి కనుసన్నలలో ఉన్నట్టే. 1708లో సర్వాయి పాపన్న ఓరుగల్లు మీద పడి, ఆ తరువాత భువనగిరి మీదికి వచ్చాడంటే ఆశ్చర్యమేమున్నది?

పెద్ద రోడ్డు ఇప్పుడు ఊరి పక్కగా పోతున్నది. మేము పనిగట్టుకుని ఊళ్ళోకి మళ్ళి, కోట మెట్లు సగందాకా ఎక్కాము. మిగతా సగం నా మోకాళ్ళు ఒప్పుకోలేదు. నీడలో కూలబడి మనవడి ప్రశ్నకు జవాబు చెప్పాను.

'మైలు' అన్న మాట మనకు ఇంగ్లీషువాళ్ళతో వచ్చినా, పుట్టింది రోములో. లాటిన్ భాషలో వెయ్యిని 'మిల్లె' అంటారు. కుడికాలు నేలను తాకింది మొదలు మళ్ళీ కుడికాలు తాకేదాకా వారికొక లెక్క. అటువంటివి వెయ్యి అయితే ఒక మైలు. అంటే 5,000 రోమను అడుగులు, మన లెక్కలో సుమారు 1,480 మీటర్లు. ఇంగ్లీషు మైలు దానికన్న కొంచెం పొడుగు, 1,609 మీటర్లు. రోమనులు క్రీ. పూ. 312లో ఆపియన్ బాట మొదలుపెట్టి, దేశదేశాలకూ రోడ్లు వేసి, మైలుమైలుకూ రాతి స్తంభం పాతారు. నిలువెత్తు గుండ్రని స్తంభం. దానిమీద చక్రవర్తి పేరు, బిరుదులు, ఆ తరువాత మైళ్ళ అంకె. క్రీ. పూ. 20లో అగస్టస్ చక్రవర్తి రోము నడిబజారులో బంగారు మైలురాయి అని ఒకటి నిలబెట్టాడు.

"రోము మనకు చాలా దూరం కదా, తాతా?" అన్నాడు మనవడు.

"అంత దూరం కాదురా! మన నల్లగొండ జిల్లా అక్కన్‌పల్లిలో వెయ్యికి పైగా రోమను వెండి నాణేలు దొరికాయి" అన్నాను. వాడి కళ్ళు పెద్దవయ్యాయి.

మనవాళ్ళేమీ తక్కువ తినలేదు. మౌర్యుల కాలంలో పది స్టేడియాలకొక స్తంభం పాతి దూరాలూ దారులూ తెలియజేసేవారని మెగస్తనీసు రాసినట్టు గ్రీకు గ్రంథాల్లో ఉన్నది. మొగలాయీలు ఆగ్రా నుంచి ఢిల్లీ మీదుగా లాహోరు దాకా కోసు కోసుకూ మినారులు కట్టించారు. ఒక్కొక్కటి ముప్ఫయి అడుగుల ఎత్తు. కొన్ని ఇంకా నిలిచే ఉన్నాయి.

గుట్ట దిగి, నారింజ తల రాళ్ళ వెంట పల్లె చేరాము. అక్క ఇంట్లో లేదు. "బొడ్రాయి కాడ ఉన్నది" అన్నారు పక్కింటివారు.

తెలంగాణ పల్లెల సంగతి తెలియనివారి కోసం చెబుతాను. ఊరు కట్టేనాడు ఊరి నడుమ పాతే రాయి బొడ్రాయి. అంటే ఊరికి బొడ్డు. బొడ్రాయి పండుగ చేసిననాడు అత్తవారిళ్ళకు పోయిన ఆడపడుచులందరినీ పిలుస్తారు. ఆ వేళ ఊళ్ళోవారు పొలిమేర దాటరాదని కట్టడి ఉంటుంది. ఇక్కడొక విడ్డూరం చూడండి: రోములో ఆ బంగారు మైలురాయికి దగ్గరలోనే ఇంకొక కట్టడం ఉండేది. దాన్ని వారు పిలుచుకున్న పేరు 'రోమునగర నాభి'. అంటే బొడ్రాయే కదా!

అక్క రాయి చుట్టూ ఊడ్చి, నీళ్ళు చల్లి, పసుపు రాస్తున్నది. నన్ను చూసి చీపురు పక్కన పెట్టింది. ఇంటికి పోయి భోజనాలయ్యాక నేను వచ్చిన పని చెప్పాను. గది సిద్ధమన్నాను, డాక్టరు ఇంటి పక్కనే అన్నాను. మా ఆవిడ కూడా "మాతో రండి, వదినా" అని బతిమాలింది. అక్క అంతా విన్నది.

"తమ్మీ, మీ అందరికి నేనెంత దూరమున్ననో లెక్క ఉన్నది. అమ్మ గట్లనే లెక్కవెట్టె, నువ్వు గట్లనే లెక్కవెడ్తున్నవ్. అన్ని పట్నం కెల్లే. నేనీ ఊరికొచ్చి అరవై ఏండ్లు దాటె. నా లెక్క ఆ బొడ్రాయి కాడికెల్లి. ఆడికెల్లి మీ బావ పొలం కోసెడు. నాకు పట్నమే దూరం" అన్నది.

నేను ఏదో అనబోయాను. అక్క నవ్వి, "ఒక్క మాట చెప్పు. ముప్ఫయి మైళ్ళున్నప్పుడు నెలకోపారి వస్తిరి. గింత మంచి రోడ్డేసినంక ఏడాదికోపారి వస్తున్రు. దూరం నాదా, మీదా?" అన్నది.

నా దగ్గర జవాబు లేదు. ఇంటినుంచి అక్క గడపకు కారులో గంటన్నర పట్టలేదు. నేను అక్కడ అడుగుపెట్టి పద్నాలుగు నెలలయింది.

రోమను రాళ్ళలో నాకు నచ్చిన సంగతి ఒకటున్నది. అన్ని రాళ్ళూ రోమునుంచే లెక్కపెట్టలేదు. దూరదేశాల్లో ఆ ప్రాంతపు ముఖ్యనగరం నుంచి లెక్క మొదలయ్యేది. అంతటి చక్రవర్తులే ఎవరి బొడ్డు వారికి ఉండనిచ్చారు. నేను మాత్రం అరవై ఏళ్ళకు పైగా అక్కను నా ఇంటినుంచే కొలుస్తూ వచ్చాను.

బియ్యం, పప్పు, ఊరగాయ జాడీ కారులో పెట్టించింది అక్క. తను మాత్రం రాలేదు. నెలకొక ఆదివారం రావాలని మాట తీసుకున్నది. కారు కదిలేముందు మనవడు ముందుకు వంగి మీటరు సున్నాకు తిప్పాడు.

"ఎందుకురా?" అన్నాను.

"రాళ్ళు మన ఇల్లెంత దూరమో చెబుతాయి, తాతా. అవ్వ ఇంటినుంచి ఎంత వచ్చామో ఇది చెబుతుంది."

వచ్చే ఆదివారం మళ్ళీ వెళుతున్నాం.