సంతకం వెనక్కి తీసుకోని నటుడు

ప్రాగ్‌కు వచ్చిన కొత్తలో, భాష వంటబడుతుందని పాత చెక్ సినిమాలు చూడడం మొదలుపెట్టాను. అలా పరిచయమైన రుడాల్ఫ్ హ్రుషీన్‌స్కీ మీద గౌరవం ఏటికేడు పెరుగుతూనే ఉంది. ఎస్వీ రంగారావును చూసి పెరిగిన మనకు క్యారెక్టర్ ఆర్టిస్టు విలువ ఒకరు చెప్పక్కర్లేదు. చెక్ ప్రేక్షకులకు హ్రుషీన్‌స్కీ అంతటివాడు.

1920లో నాటకాల కుటుంబంలో పుట్టారు. 1956లో హాషెక్ నవల ఆధారంగా తీసిన సినిమాలో సైనికుడు ష్వేక్‌గా వేసి ఇంటింటికీ తెలిసిపోయారు. ఆయన అసలు సత్తా చూడాలంటే మాత్రం యురాయ్ హెర్జ్ 1969లో తీసిన 'ది క్రిమేటర్' చూడాలి. అందులో ఆయన శ్మశానవాటిక ఉద్యోగి. పెట్టెలోని శవానికి శ్రద్ధగా తల దువ్వి, అదే దువ్వెనతో తన జుట్టూ సర్దుకుంటాడు. భార్యాపిల్లలతో ఎంతో మురిపెంగా మాట్లాడతాడు. నాజీల మాటలు తలకెక్కాక, యూదు రక్తం ఉందన్న కారణంతో ఆ భార్యనే చంపేస్తాడు. అప్పుడు కూడా గొంతు పెంచడు. అరుపులూ పెడబొబ్బలూ లేని ఆ క్రౌర్యం చూస్తే ఒళ్లు జలదరిస్తుంది.

1968 జూన్‌లో రచయిత లుడ్విక్ వాత్సులిక్ రాసిన 'రెండు వేల మాటలు' ప్రకటన మీద ఆయనా సంతకం చేశారు. దేశంలో మొదలైన సంస్కరణలు ఆగకూడదన్నది దాని సారాంశం. ఆగస్టులో సోవియట్ ట్యాంకులు దిగాయి. ఆ తర్వాత, సంతకం చేసినవాళ్లను వెనక్కి తీసుకొమ్మని ఒత్తిడి చేశారు. ఆయన తీసుకోలేదు. దాంతో కొన్నేళ్లపాటు సినిమా, టీవీ అవకాశాలు మూసుకుపోయాయి. నేషనల్ థియేటర్ వేదిక ఒక్కటే మిగిలింది. 'ది క్రిమేటర్'నూ 1989 దాకా తొక్కిపెట్టారు. మంచి వయసులో ఉన్న నటుడికి కెమెరా దూరం కావడం ఎంత నష్టమో సినిమా పిచ్చి ఉన్న మనకు తెలుసు.

మళ్లీ తెరమీదికి వచ్చాక, యిర్షీ మెంజెల్ 1985లో తీసిన 'మై స్వీట్ లిటిల్ విలేజ్'లో పల్లెటూరి డాక్టరుగా వేశారు. చుట్టూ ఉన్న ప్రకృతిని చూసి మైమరిచిపోయి, కారును రోడ్డు దింపేసే ముసలి డాక్టరు. రోగులను కసురుకున్నా, ఆ కసురులో ఆపేక్ష తెలుస్తూనే ఉంటుంది. ఆ సినిమా ఆస్కార్ నామినేషన్ దాకా వెళ్లింది. 1990లో స్వేచ్ఛగా జరిగిన ఎన్నికల్లో జనం ఆయన్ని పార్లమెంటుకు పంపారు. 1994లో కన్నుమూశారు.

కళాకారుడికి రాజకీయాలెందుకని మన దగ్గర తరచూ వింటుంటాం. ఒక్కమాట వెనక్కి తీసుకుంటే చాలు, హ్రుషీన్‌స్కీకి వేషాలు దక్కేవి. వేషాలు వదులుకున్నారు గానీ మాట వదులుకోలేదు. నా దృష్టిలో ఆయన నటనకు ఎంత పేరుందో ఈ పట్టుదలకూ అంత పేరు రావాలి.

రెండు సినిమాలూ తప్పక చూడండి. ముందు పల్లెటూరి డాక్టరును చూడండి. 'ది క్రిమేటర్' మాత్రం పిల్లలు పడుకున్నాకే పెట్టుకోండి.