ఓ గాయని పేరిట... ఓ గిన్నెడు ఓదార్పు!

మన అభిమానానికి హద్దుల్లేవంటారు. నిజమే! నచ్చిన తారకు ఆకాశమంత కటౌటు కడతాం. దండలు వేస్తాం, పాలాభిషేకం చేస్తాం. పుట్టిన పిల్లలకు ఆ పేరే పెట్టుకుంటాం. ఇక గాయనీమణులకైతే శాలువా కప్పుతాం, బిరుదులిస్తాం. కానీ, చూశారూ... ఆవిడ పేరు పెట్టి ఓ పులుసో, ఓ వేపుడో వండుదామన్న ఆలోచన మాత్రం మనకెందుకో తట్టలేదు! ఎమ్మెల్యేల పేరిట పెసరట్టు వెలిసింది గానీ, ఏ గాయని పేరిటా ఓ గుత్తి వంకాయ కూర వెలసినట్టు నేను వినలేదు.

ఈ విషయంలో పాశ్చాత్యులు మనకంటే ఓ మెట్టు పైనే ఉన్నారు సుమండీ! అక్కడ ఒపెరా అని ఒకటుంది. సంభాషణలన్నీ పాటల్లోనే సాగే నాటకం అన్నమాట. మన పద్యనాటకానికి దూరపు చుట్టం అనుకోండి. ఆ ఒపెరాలో పాడిన ఆస్ట్రేలియా గాయని నెల్లీ మెల్బా కోసం ఎస్కోఫియర్ అనే ప్రసిద్ధుడైన వంటవాడు పీచ్ పళ్ళతో, ఐస్‌క్రీంతో 'పీచ్ మెల్బా' తయారు చేశాడు. రష్యా నర్తకి అన్నా పావ్లోవా పేరిట గుడ్డు తెల్లసొనతో చేసే మిఠాయి ఒకటుంది. ఇటలీ గాయని లూయిసా టెట్రజీనీకి దక్కింది మాత్రం తీపి కాదు. శుభ్రంగా కోడికూర! 'చికెన్ టెట్రజీనీ' అంటారు.

"సినిమా పత్రికలో ఈ వంట గోలేమిటీ?" అని పేజీ తిప్పేయకండి. ఇందులో పాట ఉంది. లక్షల జనం ఉన్నారు. ఓ పాత సినిమా ముక్క ఉంది. ఇంటర్వెల్ తర్వాత కాస్త కన్నీరూ ఉంది.

ఎవరీ టెట్రజీనీ?

1871లో ఫ్లారెన్సు నగరంలో పుట్టింది. తారస్థాయిలో స్వరాన్ని గిరగిరా తిప్పి, ముత్యాలు దొర్లించినట్టు పాడటం ఆమె ప్రత్యేకత. 1905లో అమెరికాలోని శాన్ ఫ్రాన్సిస్కోలో పాడింది. ఊరు ఊరంతా ఆవిడకు దాసోహమంది. 1907లో లండన్, 1908లో న్యూయార్క్... ఎక్కడ పాడినా జేజేలే!

మధ్యలో 1906లో భూకంపం వచ్చి, దాని వెంట మంటలు రేగి, శాన్ ఫ్రాన్సిస్కో చాలా భాగం బూడిదైపోయింది. 1910 నాటికి ఊరు మళ్ళీ లేచి నిలబడుతోంది. సరిగ్గా ఆ సమయంలోనే టెట్రజీనీకీ, న్యూయార్కులో ఆవిణ్ణి పాడించిన నాటకశాల యజమానికీ కాంట్రాక్టు తగాదా వచ్చింది. అమెరికాలో ఇంకెక్కడా పాడకుండా కోర్టు కెక్కుతానన్నాడాయన. హాలు దొరకకపోతే శాన్ ఫ్రాన్సిస్కో వీధిలో నిలబడి పాడతానంది ఈవిడ!

అన్నంత పనీ చేసింది. 1910 డిసెంబరు 24, క్రిస్మస్‌కు ముందురాత్రి. మార్కెట్ స్ట్రీట్‌లో లొట్టా ఫౌంటెన్ దగ్గర వేదిక కట్టారు. ఆ ఫౌంటెనూ ఓ రంగస్థల తార ఇచ్చిందే! లొట్టా క్రాబ్‌ట్రీ 1875లో ఊరికి కానుకగా కట్టించింది. ఆ రాత్రి పోగైన జనం రెండు, రెండున్నర లక్షలు ఉంటారని ఆనాటి అంచనా. మైకు లేదు, లౌడ్‌స్పీకరు లేదు. చలిలో, బయట, ఒక్క గొంతు. నాలుగేళ్ళ క్రితం ఇళ్ళు కాలిపోయిన మనుషులు నిశ్శబ్దంగా నిలబడి విన్నారు.

అక్కడికి కూతవేటు దూరంలో పాలెస్ హోటల్ ఉంది. చికెన్ టెట్రజీనీ పుట్టింది ఆ హోటల్ వంటింట్లోనేనని శాన్ ఫ్రాన్సిస్కో వాళ్ళంటారు. "కాదు, మా ఊళ్ళోనే" అని న్యూయార్కు వాళ్ళంటారు. ఎవరు గెలిచినా తినేవాడికి నష్టం లేదు. 1908 నాటికే అమెరికా పత్రికలో ఆ పేరు అచ్చయిందన్నది మాత్రం నిజం.

మా గుమ్మంలోకి ఎలా వచ్చిందంటే...

ఆ ఊరికి దగ్గర్లోనే ఓ అపార్ట్‌మెంటులో నేనూ, నా స్నేహితురాలూ అద్దెకుండే వాళ్ళం. తనది తెనాలి. ఓ తెల్లవారుజామున ఫోను మోగింది. వాళ్ళ నాన్నగారు పోయారు. వీసా కాగితాలు ఆఫీసులో ఇరుక్కుని ఉన్నాయి. వెళ్తే తిరిగి రావడానికి లేదు. వెళ్ళినా సమయానికి అందదు. కన్నతండ్రి ఆఖరి ప్రయాణం అరచేతిలో ఫోను తెరమీద చూసింది. ఆ రోజు మా ఇంట్లో స్టవ్ వెలగలేదు.

మన ఊళ్ళల్లో అయితే చావు జరిగిన ఇంటికి ఇరుగు పొరుగు అన్నం, చారు వండి తెస్తారు. ఎవరూ పిలవరు, ఎవరూ అడగరు. గిన్నె వచ్చి వంటింటి గడప దగ్గర ఆగుతుంది. పరాయి దేశంలో అలా ఎవరు తెస్తారు అనుకున్నాం. మర్నాడు సాయంత్రం తలుపు చప్పుడైంది. పక్కింటి పెద్దావిడ... డెబ్బై దాటిన అమెరికన్ మనిషి. చేతిలో గుడ్డ కప్పిన గాజు పళ్ళెం. దుఃఖంలో ఉన్న ఇంటికి క్యాసరోల్ పట్టుకెళ్ళడం అక్కడి పాత ఆచారమట!

క్యాసరోల్ అనగానే మన వాళ్ళకు చపాతీలు దాచుకునే హాట్‌బాక్సు గుర్తొస్తుంది. ఇది వేరు. ఏ పళ్ళెంలో పెట్టి అవెన్‌లో కాలుస్తామో, ఆ పళ్ళెంతోనే బల్లమీద వడ్డించేది. ఆ పళ్ళానికీ, అందులోని వంటకీ ఒకటే పేరు.

మూత తీస్తే కోడి మాంసం! నా స్నేహితురాలు నా వంక చూసింది. "కర్మ అయ్యేదాకా నీచు ముట్టకూడదే..." అంది మెల్లిగా. ఎలా చెప్పాలో తెలియక ఉన్న మాటే చెప్పేశాను. పెద్దావిడ ఏమీ నొచ్చుకోలేదు. "అయితే ఫ్రీజర్లో పెట్టండి. మీరు తినే రోజుదాకా అది ఆగుతుంది" అని తానే రేకు చుట్టి లోపల పెట్టి వెళ్ళింది. మర్నాడు పళ్ళూ, రొట్టే తెచ్చింది.

పదకొండు రోజులూ అయ్యాయి. పన్నెండో రోజున ఆ పళ్ళెం బయటికి తీశాం. ముందు రాత్రే ఫ్రీజర్లోంచి ఫ్రిజ్‌లోకి మార్చి, మంచు కరిగాక అవెన్‌లో పెట్టాం. గాజు పళ్ళేన్ని గడ్డకట్టింది గడ్డకట్టినట్టే వేడి అవెన్‌లో పెడితే పగులుతుంది, జాగ్రత్త!

అంచుల్లో పాలూ, చీజూ బుడబుడా ఉడుకుతున్నాయి. పైన రొట్టెపొడి బంగారం రంగు తేలింది. ఇల్లంతా వేడి వెన్న వాసన. కారం లేదు, మసాలా లేదు. నమలడానికి శ్రమ లేదు. ఏడ్చి ఏడ్చి అలిసిన నోటికి ఇంకేం కావాలి? పన్నెండు రోజుల్లో తను మళ్ళీ పెట్టమని అడిగింది ఆ పూటే.

తిన్నాక ఫోను తీసింది. వాళ్ళ నాన్నగారు రోజూ పంపిన మాటల మెసేజీలు అందులో ఉన్నాయి. పోయినప్పట్నుంచీ వాటి జోలికి వెళ్ళే ధైర్యం చేయలేదు. ఒకటి నొక్కింది. "తిన్నావా తల్లీ?" అంటున్నారాయన. అంతే, ఇంకేం లేదు.

"తిన్నాను నాన్నా" అంది తను.

సరే, వంట సంగతి

ఆ పెద్దావిడ దగ్గర కూర్చుని నేర్చుకున్నాను. ఐదారుగురికి లెక్క చెబుతున్నాను.

పావుకిలో స్పగెట్టీ, అరకిలో ఎముకల్లేని చికెన్, 200 గ్రాముల పుట్టగొడుగులు, 60 గ్రాముల వెన్న, మూడు పెద్ద చెంచాల మైదా, రెండు కప్పుల పాలు, 100 గ్రాముల చీజ్, ఓ గుప్పెడు రొట్టెపొడి. మిరియాల పొడి, ఉప్పు, చిటికెడు జాజికాయ పొడి. బాదం పలుకులుంటే సంతోషం. అసలు పద్ధతిలో కాస్త షెర్రీ వైన్ పోస్తారు. పెద్దావిడా పొయ్యదు, నేనూ పొయ్యను.

చికెన్‌ను ఉప్పునీళ్ళలో ఉడికించి, పీచులుగా విడదీయండి. ఆ నీళ్ళు పారబొయ్యకండి. రుచంతా అక్కడే ఉంది! ఒకటిన్నర కప్పు పక్కన పెట్టుకోండి. స్పగెట్టీని పొట్లం మీద చెప్పిన టైముకు రెండు నిమిషాల ముందే దించి వార్చండి. మిగతా ఉడుకు అవెన్‌లో చూసుకుంటుంది. పూర్తిగా ఉడికిస్తే చివరికి గంజి ముద్దే!

సగం వెన్నలో పుట్టగొడుగులు వేసి, నీరు ఊరి ఇగిరిపోయేదాకా వేయించి తీయండి. ఆ మూకుట్లోనే మిగతా వెన్న వేసి, మైదా కలిపి, సన్నసెగ మీద పచ్చివాసన పోయేదాకా తిప్పండి. రంగు మారకూడదు. పాలు కొంచెం కొంచెంగా పోస్తూ కలుపుతూ ఉండాలి. ఒక్కసారే గుమ్మరిస్తే ఉండలు కడుతుంది. తర్వాత చికెన్ నీళ్ళు. గరిటె వెనక పలచగా అంటుకునేంత చిక్కబడితే చాలు. "మరీ జారుగా ఉందే!" అనిపిస్తుంది. అలాగే ఉండాలి. ఎందుకంటే స్పగెట్టీ అవెన్‌లో కూర్చుని ఆ పాలన్నీ తాగేస్తుంది. మిరియాలు, జాజికాయ, సగం చీజ్ కలపండి. చీజ్‌లో ఉప్పుంటుంది కనుక రుచి చూశాకే ఉప్పు.

అన్నీ కలిపి వెన్న రాసిన పళ్ళెంలో సర్దండి. పైన మిగిలిన చీజూ, రొట్టెపొడీ, బాదం చల్లి, 180 డిగ్రీల సెల్సియస్‌లో 25 నుంచి 30 నిమిషాలు. తీయగానే చెంచా దించకండి! పది నిమిషాలు ఆగితే ముక్క ముక్కగా అందంగా వస్తుంది.

అవెన్ లేదా? దిగులెందుకూ! మందపాటి మూకుట్లో ఉప్పు పోసి, స్టాండు పెట్టి, పది నిమిషాలు వేడెక్కించండి. అల్యూమినియం గిన్నెలో సర్ది లోపల దించి, మూతపెట్టి సన్నసెగ మీద అరగంట. పైన రంగు అంతగా రాదు. అందుకని రొట్టెపొడిని ముందే వెన్నలో వేయించుకోండి.

ఆ సినిమా ముక్క

పళ్ళెం తిరిగివ్వడానికి వెళ్ళినప్పుడు పెద్దావిడ ఈ వంట పేరు చెప్పింది. ఇంటికొచ్చి వెతికితే దొరికింది... 1932లో తీసిన చిన్న సినిమా. అరవై దాటిన టెట్రజీనీ గ్రామఫోను ముందు ఉంది. అందులో ఎన్రికో కరూసో పాడుతున్నాడు. ఆవిడ సమకాలికుడు, మహాగాయకుడు, 1921లోనే కన్నుమూశాడు. ఆవిడ కాసేపు విన్నది. ఉండబట్టలేక ఆ రికార్డుతో తానూ గొంతు కలిపింది! మొహంలో ఎంత సంతోషమో! మనిషి లేడు, గొంతుంది. ఈవిడకు అది చాలు.

నా స్నేహితురాలు ఆ ముక్క మూడుసార్లు వేసుకుని చూసింది. "మా నాన్న కూడా రేడియోలో ఘంటసాల పాట వస్తే ఇలాగే కలిసి పాడేవాడే" అంది. 1974లో వెళ్ళిపోయిన ఘంటసాలతో మన ఇళ్ళల్లో ఎంతమంది ఈనాటికీ గొంతు కలపడం లేదూ!

టెట్రజీనీ 1940లో మిలాన్‌లో పోయింది. లక్షలు గడించినావిడకు చివరికి డబ్బు మిగల్లేదు. ఆవిడ పాట విన్నవాళ్ళు ఇప్పుడు లేరు. ఇప్పటి కుర్రకారులో చాలామందికి ఆవిడెవరో తెలియదు. ఆ పేరు మాత్రం ఏదో ఒక వంటింట్లో, ఎవరో ఒకరి ఆకలి తీరుస్తూ ఇంకా పలుకుతూనే ఉంది. బిరుదులూ, కటౌట్లూ ఎన్నాళ్ళుంటాయో గానీ, కష్టంలో ఉన్నవాడి ముందు పెట్టిన పళ్ళెం మాత్రం వాడు బతికున్నన్నాళ్ళూ గుర్తుంటుంది.

అంచేత, మిత్రులారా! మీ హాస్టల్లోనో, పక్క వాటాలోనో ఎవరింట్లోనైనా స్టవ్ వెలగలేదని తెలిస్తే, "ఏమైనా కావాలా?" అని అడుగుతూ నిలబడకండి. ఇదే వండాలని లేదు. పప్పన్నమైనా సరే, పట్టుకెళ్ళండి. వాళ్ళు ఏం తింటారో, ఏం తినరో ఒక్క మాట కనుక్కోండి. గిన్నె అడుగున కాగితం అంటించి మీ పేరు రాయండి. ఆ పెద్దావిడ అలాగే రాసింది.

మేం ఆ పళ్ళెం ఖాళీగా ఇవ్వలేదు లెండి! నిండా పులిహోర పెట్టిచ్చాం. "ఇందులో ఈ పల్లీలు భలే ఉన్నాయే, దీనికి ఏ గాయని పేరు?" అని అడిగిందావిడ.

ఏం చెప్పమంటారు?