లైటు చెప్పేది సగమే
నాన్న కారు కిరాయికి తిప్పుతారు. బండి ఆగితే ఆ రోజు రాబడి ఆగినట్టే. అది కాస్తా వేడెక్కాక ఆగిపోవడం మొదలెట్టింది. అరగంట చల్లారితే మళ్లీ స్టార్ట్! ఫ్యూయల్ పంపు మార్చాలన్నాడు మెకానిక్. పంపు పాడైనా ఇలాగే అవుతుంది మరి.

ఓబీడీ స్కానర్ పెడితే పీ0340 కోడ్ వచ్చింది. అంటే క్యామ్‌షాఫ్ట్ పొజిషన్ సెన్సర్ సర్క్యూట్‌లో తేడా. ఏ సిలిండర్ వంతు వచ్చిందో ఇంజిన్ కంప్యూటర్‌కి చెప్పేది ఈ సెన్సరే. కానీ కోడ్ వచ్చినంత మాత్రాన సెన్సరే పోయిందనుకోకూడదు. వైరు తెగినా, కనెక్టర్ వదులైనా అదే కోడ్ వస్తుంది.

అందుకే బండి వేడెక్కి ఆగినప్పుడే మల్టీమీటర్ పట్టాను. కనెక్టర్, వైర్లు బాగున్నాయి. 5 వోల్టులు వస్తున్నాయి, ఎర్త్ ఓకే. సెల్ఫ్ కొడితే సిగ్నల్ వైరులో మాత్రం కదలిక లేదు. చల్లారాక మళ్లీ వచ్చింది. దొంగ దొరికాడు!

బ్యాటరీ నెగెటివ్ తీసి, ఒక్క 10 నంబర్ బోల్టు విప్పి, కొత్త సెన్సర్ ఓ-రింగ్‌కి కాస్త ఇంజిన్ ఆయిల్ రాసి బిగించాను. నాన్న టార్చి పట్టుకున్నారు. కోడ్ చెరిపేశాక మళ్లీ రాలేదు. మర్నాడు మిట్టమధ్యాహ్నం కిరాయికి వెళ్లి, ఎక్కడా ఆగకుండా తిరిగొచ్చారు.

లైటు వెలిగితే కంగారొద్దు. కొనే ముందు కొలవండి.