మూత విడని సాయంత్రాలు

కొత్త అప్‌డేట్ వచ్చిందంటే ఆటగాళ్లు ముందు వెతికేది ఏం పెరిగిందనే. తుపాను వేట ఆటల్లో నేను మాత్రం ఏం తగ్గిందో చూస్తాను. సుడిగాలులు అరుదయ్యాయా? రాడార్ మీద భరోసా సడలిందా? అయితే ఆట బాగుపడినట్టే.

'అవుట్‌బ్రేక్', రోబ్లాక్స్‌లోని 'ట్విస్టెడ్' లాంటి ఆటల్లో నలుగురూ జట్టుకట్టి, కార్లెక్కి, రాడార్ చూసుకుంటూ టోర్నడోల వెంట పడతారు. డాలస్‌లో ఉన్న మా మేనల్లుడు నన్నూ లాక్కెళ్తాడు. "మామయ్యా, బండి ఉత్తరానికి తిప్పు, రాడార్ మీద సుడి హుక్ కనిపిస్తోంది!" అని చెవిలో ఒకటే కేకలు. వాళ్ల పేటలో నిజంగా సైరన్ మోగితే మాత్రం, వడగళ్లకు జడిసి కారును గరాజ్‌లో దాచేది వాడే.

అమెరికా వాతావరణ శాఖ రాడార్‌కు ఆకాశాన్ని అడుగు నుంచి పైదాకా ఒకసారి గాలించడానికి దాదాపు 4 నుంచి 6 నిమిషాలు పడుతుంది. తెర మీద కనిపించే సుడి ఈపాటికి ఇంకో పొలం దాటేసి ఉంటుంది. ఆటలోనూ ఆ ఆలస్యం ఉంటేనే, ఆటగాడు తెర వదిలి మబ్బు వంక చూడటం నేర్చుకుంటాడు.

2013 మే 31న ఒక్లహోమాలోని ఎల్ రెనో దగ్గర టోర్నడో 4.2 కిలోమీటర్ల వెడల్పుకు ఉబ్బి, ఉన్నట్టుండి దారి మార్చింది. రోడ్ల నిండా తుపాను వేటగాళ్ల బళ్లే. వాళ్లలో టిమ్ సమారాస్, ఆయన కొడుకు పాల్, సహచరుడు కార్ల్ యంగ్ ఆ గాలికే బలయ్యారు. 2003లో సౌత్ డకోటాలో సుడి దారిలో పరికరం పెట్టి, 100 మిల్లీబార్ల పీడన పతనాన్ని నమోదు చేసిన మనిషి సమారాస్. అంతటివాడికే అంతుచిక్కనిది మన కీబోర్డుకు లొంగితే, అది తుపాను కాదు, జాతరలో రంగులరాట్నం.

అమెరికా మైదానాల్లో మెక్సికో సింధుశాఖ తేమ ఎంత చేరినా, పైనున్న వెచ్చటి గాలిపొర మూతలా బిగుసుకుంటే మబ్బు లేవదు. వందల మైళ్లు నడిపినవాళ్లు బంకులో కాఫీ తాగి ఉత్తచేతులతో తిరిగొస్తారు. దాన్ని 'బస్ట్' అంటారు. వచ్చే అప్‌డేట్‌లో నేను కోరేది ఆ బస్ట్‌లే ఇంకాస్త పెంచమని.

"ఖాళీగా కూర్చోడానికి ఆటెందుకు మామయ్యా?" అంటాడు మేనల్లుడు. సుడి కనిపిస్తే వాడి నోట దిక్కులు తప్ప మాట రాదు. మా అక్క నా దగ్గర దాచిన కబుర్లన్నీ వాడు పూసగుచ్చినట్టు చెప్పేది, మూత విడని సాయంత్రాల్లోనే.