బిల్లులో గుర్గావ్

2019 నవంబరు 17, ఆదివారం. కార్తీకమాసం. తులసికోట దగ్గర దీపం పెట్టి వచ్చి, కాఫీ గ్లాసు పక్కన పెట్టుకుని క్రెడిట్ కార్డు బిల్లు ముందేసుకున్నాను. మా బ్యాంకు ప్రతి నెలా పదిహేనో తారీఖున బిల్లు తీస్తుంది. మెయిల్లో వచ్చిన దాన్ని మా వారు ఆఫీసులో ప్రింటు తీసి తెస్తారు. కాగితం మీద ఒక్కో వరసకీ పెన్నుతో టిక్కు పెట్టుకుంటూ చూస్తే తప్ప నాకు తృప్తి ఉండదు.

కరెంటు బిల్లు, టిక్కు. చీరల షాపు, టిక్కు. మూడో వరస దగ్గర పెన్ను ఆగిపోయింది. తారీఖు 26 అక్టోబరు. ఎన్నడూ వినని ఏదో ప్రైవేట్ కంపెనీ పేరు, చివర అక్షరాలు తెగిపోయి ఉన్నాయి. దాని పక్కన గుర్గావ్. 3,285 రూపాయలు.

గుర్గావ్ ఎక్కడ, సనత్‌నగర్ ఎక్కడ! నేను హైదరాబాదు దాటి గుంటూరు తప్ప ఎక్కడికీ వెళ్ళలేదు. మా వారికి చూపించాను. ఆయన కళ్ళజోడు పెట్టుకుని రెండుసార్లు చదివి, గొంతు తగ్గించి అడిగారు.

“ఈ నెల్లో కార్డు ఎవరి చేతికైనా ఇచ్చావా?”

ఎవరి పేరూ ఆయన ఎత్తలేదు. ఎత్తాల్సిన పని లేదు. ఇంట్లో మా ఇద్దరితో పాటు ఉన్నది మా చెల్లెలి కొడుకొక్కడే. బీటెక్ అయిపోయి, అమీర్‌పేటలో జావా కోర్సు నేర్చుకుంటూ ఆరు నెలలుగా మా దగ్గరే ఉంటున్నాడు. నాకు జ్వరం వచ్చినప్పుడు రెండుసార్లు కార్డిచ్చి మందుల షాపుకి పంపాను. పిన్ కూడా నేనే చెప్పాను.

వాడు ముందు గదిలో మర్నాటికి చొక్కా ఇస్త్రీ చేసుకుంటున్నాడు. నేను గుమ్మం దగ్గర నిలబడి, చేతిలో కాగితం పట్టుకుని అడిగాను. “చిన్నా, మొన్న కార్డిచ్చినప్పుడు ఇంకెక్కడన్నా గీకావా?”

వాడు ఇస్త్రీపెట్టె నిలబెట్టి నావైపు చూశాడు. “లేదు పెద్దమ్మా. రెండుసార్లూ మందుల షాపే. బిల్లులు నీకే ఇచ్చా కదా.”

ఇచ్చాడు. నా డబ్బాలోనే ఉన్నాయి. ఆ సంగతి నాకు తెలిసి కూడా అడిగాను. ఇప్పటికీ ఆ ఉదయం తలుచుకుంటే నాకు ముందు గుర్తొచ్చేది డబ్బు కాదు, ఆ ఇస్త్రీపెట్టె నిలబెట్టిన చప్పుడు.

“ఏదీ, ఓసారి చూడనీ” అని కాగితం తీసుకుని చదివాడు. తారీఖు మీద వేలు పెట్టి, “ఇరవయ్యారు... దీపావళి ముందు రోజు” అని లోపలికి వెళ్ళాడు. మంచం కింద నుంచి బూట్ల డబ్బా తెచ్చి నా ముందు మూత తీశాడు. నల్లబూట్లు ఇంకా పల్చటి కాగితంలోనే చుట్టి ఉన్నాయి. వాటి కింద మడత పెట్టిన బిల్లు. సైజు సరిపోకపోతే మార్చుకోవచ్చని దాచుకున్నాడట. పైన పెద్దక్షరాల్లో బూట్ల షాపు పేరు, మన ఊళ్ళో ప్రతి మాల్‌లోనూ కనపడేదే. అట్టడుగున చీమతలకాయంత అక్షరాల్లో ఆ ప్రైవేట్ కంపెనీ పేరు, గుర్గావ్ చిరునామా. దానికి పిన్ను కొట్టి కార్డు మెషీన్ చీటీ. సిరా అప్పటికే వెలిసిపోతోంది. అయినా మా కార్డు చివరి నాలుగంకెలు తెలుస్తున్నాయి.

ఇంటర్వ్యూలకు వెళ్తాడని బూట్లు, బెల్టు, సాక్సులు నేనే కొనిపెట్టాను. ఆ రోజు టపాకాయలు, చీరలు, స్వీట్లు అంటూ తిరిగిన తిరుగుడులో అది మరిచిపోయాను.

షాపు బోర్డు మీద ఉండే పేరు వేరు, బ్యాంకు దగ్గర కార్డు మెషీన్ తీసుకునేటప్పుడు రాయించిన కంపెనీ పేరు వేరు. బిల్లులో వచ్చేది ఆ రెండోది. దానికిచ్చే చోటు పాతిక అక్షరాలకు మించదు, అందుకే తోక తెగిపోతుంది. ఊరు కూడా ఒక్కోసారి మనం కొన్న ఊరు కాకుండా వాళ్ళ హెడ్డాఫీసు ఊరు పడుతుంది. మనం భోంచేసిన హోటలు ఏదో హాస్పిటాలిటీ అని, పెట్రోలు బంకు దాని యజమాని పేరుతోనూ వస్తాయి. తెలియని పేరు కనపడితే ముందు తారీఖు చూసి, ఆ రోజు ఎక్కడెక్కడ తిరిగామో గుర్తు చేసుకోవాలి. ఆ పని నేను చేయాల్సింది. వాడు చేశాడు.

వాడు అక్కడితో ఆగలేదు. కింద కూర్చుని మిగతా వరసల మీద వేలు పోనిచ్చాడు. “పెద్దమ్మా, ఇదేంటి?”

నవంబరు 12. ఇంగ్లీషులో ఏవో పొడి అక్షరాలు. 71 రూపాయల 95 పైసలు. దానికింద విడిగా 2 రూపాయల 52 పైసలు ఫీజు, ఇంకో 45 పైసలు జీఎస్టీ. ఆ వరస నేనూ చూశాను. డెబ్భై రూపాయలే కదా, ఫోన్ రీఛార్జి అయ్యుంటుందని టిక్కు పెట్టేశాను కూడా.

“రీఛార్జికి ఫారిన్ కరెన్సీ ఫీజు ఎందుకు పడుతుంది? ఇది ఒక డాలరు.”

పన్నెండో తారీఖు కార్తీక పౌర్ణమి. ఆ రోజంతా ఉపవాసం, సాయంత్రం గుడిలో దీపాలు. ఫోన్ ముట్టుకోనే లేదు. వాడు నా ఫోన్ అడిగి, డిస్కౌంట్ల మెసేజీలన్నీ దాటుకుంటూ పైకి పోయాడు. పౌర్ణమి రోజు ఒక డాలరు మెసేజీ ఉంది. తరవాత శుక్రవారం, పదిహేను, తెల్లవారుజామున 2 గంటల 17 నిమిషాలకు ఇంకొకటి. 249 డాలర్లు. అప్పటికే నెల బిల్లు మూసేశారు కాబట్టి అది మా కాగితంలోకి ఎక్కలేదు.

దొంగలు ముందు చిన్న మొత్తం లాగి చూస్తారు. కార్డు పనిచేస్తోందా, సొంతదారు గమనిస్తున్నాడా అని. ఎవరూ ఏమీ అనకపోతే పెద్దది లాగుతారు. మూడువేల వరస కోసం ఇంట్లో పిల్లాణ్ణి నిలదీసిన నేను, అసలు దొంగతనానికి నా చేత్తోనే టిక్కు పెట్టాను.

వెంటనే కస్టమర్ కేర్‌కి ఫోన్ చేశాం. ఆదివారమైనా ఇలాంటి ఫిర్యాదు తీసుకుంటారు. మొదట కార్డు బ్లాక్ చేయించాడు చిన్నా. అవతలి అమ్మాయి అడిగిన మొదటి ప్రశ్న, “ఓటీపీ ఎవరికైనా చెప్పారా మేడం?” ఓటీపీ వస్తేగా చెప్పడానికి! మన దేశపు వెబ్‌సైట్లలో కార్డు నంబరు కొట్టాక రెండో తాళం ఉండాలని 2009 నుంచి రిజర్వు బ్యాంకు నిబంధన. విదేశీ వెబ్‌సైట్లకు అప్పట్లో ఆ కట్టుబాటు లేదు. నంబరు, గడువు తేదీ, వెనకున్న మూడంకెలు తెలిస్తే సరిపోయేది. కార్డు నా బీరువాలో ఉండగానే డబ్బు సముద్రాలు దాటిపోయింది. ఫిర్యాదు నంబరు అడిగి, టైముతో సహా బిల్లు వెనకే రాసుకున్నాను.

సోమవారం నేను పనిచేసే స్కూలుకి సగం రోజు సెలవు పెట్టి బ్రాంచికి వెళ్ళాను. చిన్నా క్లాసు మానేసి నాతో వచ్చాడు. అక్కడి ఆఫీసరు మర్యాదగానే మాట్లాడాడు కానీ, “క్రెడిట్ కార్డులు మా చేతిలో ఉండవమ్మా, ఫోన్లోనే చెప్పుకోవాలి” అన్నాడు. చిన్నా సంచిలోంచి రెండు కాగితాలు తీశాడు. 2017 జులై 6 నాటి రిజర్వు బ్యాంకు సర్క్యులర్. రాత్రి వెతికి, పొద్దున్నే నెట్ సెంటర్లో ప్రింటు తీయించాడు.

అందులో ఉన్నదిది. తప్పు బ్యాంకుదీ కాక, మనదీ కాక, మధ్యలో ఎవరో చేసిన మోసమైతే, బ్యాంకు నుంచి మెసేజీ అందిన మూడు పనిదినాల్లోగా చెబితే మనం పైసా కట్టక్కర్లేదు. మెసేజీ వచ్చిన రోజు లెక్కలోకి రాదు. నాలుగు నుంచి ఏడు పనిదినాల మధ్య చెబితే ఒక హద్దు వరకు నష్టం మనదే. ఏడు దాటితే ఆ బ్యాంకు బోర్డు పెట్టుకున్న పాలసీ ప్రకారం. ఫిర్యాదు చేసిన పది పనిదినాల్లో ఆ మొత్తం మన ఖాతాలో తిరిగి వేయాలి, తొంభై రోజుల్లో తేల్చాలి. తప్పు ఖాతాదారుదే అనే పక్షంలో నిరూపించాల్సింది బ్యాంకు. ఆ చివరి మాట చదివాక నాకు వెన్ను నిటారుగా నిలబడింది. అప్పటిదాకా నేనే ఏదో చేసినదానిలా సంజాయిషీ చెప్పుకుంటున్నాను.

ఆఫీసరు ఆ కాగితాలు చదివి డిస్ప్యూట్ ఫారం ఇచ్చాడు. అందులో గళ్ళు ఉంటాయి. ‘డబ్బు కట్టాను, సరుకు రాలేదు’ అని ఒకటి, ‘ఒకసారి కొంటే రెండుసార్లు పడింది’ అని ఇంకొకటి. మాది ‘ఈ లావాదేవీ నేను చేయలేదు, ఎవరినీ చేయమనలేదు’ అన్న గడి. ఏ గడిలో టిక్కు పెడితే ఆ దారిలోనే విచారణ నడుస్తుంది కాబట్టి ఈసారి పెన్ను పెట్టేముందు మూడుసార్లు చదివాను. రెండు లావాదేవీలూ విడివిడిగా రాసి, అందినట్టు ముద్ర వేయించుకున్నాం.

నెలాఖరుకి డబ్బు తాత్కాలికంగా తిరిగి పడింది. 249 డాలర్లకు 17,915 రూపాయల 55 పైసలు, మీద ఫీజు, జీఎస్టీ కలిపి మొత్తం 18,655 రూపాయల 46 పైసలు. జనవరిలో అది ఖరారైనట్టు ఉత్తరం వచ్చింది. ఒక డాలరు మాత్రం రాలేదు. పౌర్ణమి నాటి మెసేజీకి శనివారంతోనే నాలుగు పనిదినాలు గడిచిపోయాయి, నేను చెప్పింది ఆదివారం. నిబంధన ప్రకారం అది నా నష్టమే. నేను వాదించలేదు.

ఆ జనవరిలోనే రిజర్వు బ్యాంకు ఇంకో ఉత్తర్వు ఇచ్చింది. కొత్తగా ఇచ్చే కార్డులు మన దేశంలో ఏటీఎంల దగ్గరా, షాపుల్లోనూ మాత్రమే పనిచేయాలి, ఆన్‌లైనూ విదేశాలూ కావాలంటే మనమే తెరుచుకోవాలి అని. మా ఇంట్లో విదేశీ వాడకం ఆనాటి నుంచి మూసే ఉంది. ఇప్పుడైతే డబ్బు పోయిందని తెలియగానే బ్యాంకుతో పాటు సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930కి కూడా ఫోన్ చేయాలి. అప్పటికింకా ఆ నంబరు రాలేదు.

ఆ ఉత్తరానికి ముందే, డిసెంబరు మొదటి వారంలో కొత్త కార్డు పోస్టులో వచ్చింది. ఆ వారమే చిన్నా నల్లబూట్లు వేసుకుని మాదాపూర్‌లో ఒక ఇంటర్వ్యూకి వెళ్ళొచ్చాడు. సాయంత్రం మా వారి బీపీ మాత్రలు అయిపోతే వాణ్ణి పిలిచి కార్డు చేతికిచ్చాను. “కొత్త పిన్ చెప్తా, గుర్తుపెట్టుకో” అన్నాను.

వాడు కార్డు టేబుల్ మీద పెట్టాడు. “పిన్ నాకు చెప్పొద్దు పెద్దమ్మా. డబ్బులివ్వు.”

పర్సులోంచి ఐదొందల నోటు తీసిచ్చాను. వాడు చెప్పులేసుకుని వెళ్ళాడు. కాసేపటికి వచ్చి మాత్రలు, బిల్లు, చిల్లర పైసలతో సహా లెక్కపెట్టి నా ముందు పెట్టాడు.